పొరపాటును వెనక్కి తీసుకోవడం ఎలా? కంప్యూటర్, ఫోన్ వాడేవాళ్లు తరచుగా అడిగే ప్రశ్నలు

డీటీపీ, ఇంటర్నెట్ షాపు నడుపుతున్న నాకు రోజూ ఏదో ఒక రూపంలో ఇవే సందేహాలు ఎదురవుతాయి. చుట్టాల ఫోన్లలోనూ ఇవే. అందుకే ఒకచోట రాసి పెట్టాను. మీకు కావాల్సిన ప్రశ్న దగ్గరికి నేరుగా వెళ్లిపోవచ్చు, మిగతాది చదవకపోయినా ఏమీ తప్పిపోరు.

ఒక్క మాట మాత్రం ముందే చెప్పాలి. నా దగ్గరికి వచ్చిన కేసుల్లో ఎక్కువ నష్టం మొదటి పొరపాటు వల్ల జరగలేదు. ఆ తర్వాత టెన్షన్‌లో నొక్కిన నాలుగైదు బటన్ల వల్ల జరిగింది. ఏదైనా పోయిందనిపిస్తే ముందు కీబోర్డు మీద నుంచి చేయి తీసేయండి.

## ఇప్పుడే జరిగింది, ఫైలు ఇంకా తెరిచే ఉంది

టైపు చేసిందంతా ఒక్కసారిగా మాయమైపోయింది. ఏం నొక్కానో కూడా తెలీదు. ఎలా?

కంట్రోల్ నొక్కి ఉంచి జెడ్ ఒకసారి కొట్టండి. చాలావరకు తిరిగి వచ్చేస్తుంది. ఇలా జరగడానికి మామూలుగా కారణం ఒకటే: పెద్ద ఎ అక్షరం కోసం షిఫ్ట్ నొక్కబోయి పక్కనున్న కంట్రోల్ నొక్కుతారు. దాంతో మొత్తం మ్యాటర్ సెలెక్ట్ అవుతుంది. తర్వాత కొట్టిన ఒక్క అక్షరం దాన్నంతా చెరిపేసి ఆ స్థానంలో కూర్చుంటుంది.

జెడ్‌ను ఒక్కోసారి కొడుతూ, తెర చూస్తూ వెనక్కి వెళ్లండి. మరీ వెనక్కి వెళ్లిపోతే కంట్రోల్ + వై కొడితే ముందుకు వస్తారు. మ్యాక్‌లో అయితే కమాండ్ + జెడ్, ముందుకు రావడానికి షిఫ్ట్ + కమాండ్ + జెడ్. ఇక్కడ ఒక జాగ్రత్త ఉంది. వెనక్కి వెళ్లాక కొత్తగా ఒక్క అక్షరం టైపు చేసినా ముందుకు వచ్చే దారి మూసుకుపోతుంది. కాబట్టి పాత మ్యాటర్‌లో మీకు కావాల్సింది కనిపిస్తే దాన్ని కాపీ చేసుకోండి. కంట్రోల్ + వై తో ముందుకు వచ్చాక అప్పుడు పేస్ట్ చేయండి.

కంట్రోల్ జెడ్ ఎంత కొట్టినా వెనక్కి రావట్లేదు. పాడైపోయిందా?

పాడవలేదు. ఆ ప్రోగ్రాముకు గుర్తున్న మెట్లు అయిపోయి ఉంటాయి. వర్డ్, ఎక్సెల్‌లో ఫైలు మూసి మళ్లీ తెరిస్తే పాత మెట్లు ఉండవు. ఎక్సెల్‌లో మ్యాక్రో (వరసగా చేయాల్సిన పనులను ఒకేసారి తానే చేసిపెట్టే చిన్న ప్రోగ్రాము) నడిపితే అంతకుముందు చేసినవన్నీ ఆ జాబితాలోంచి పోతాయి. ఎక్సెల్‌లోనే ఇంకో చిక్కు ఉంది. రెండు మూడు ఫైళ్లు తెరిచి ఉంటే వాటన్నిటికీ కలిపి ఒకే జాబితా నడుస్తుంది. మీరు ఈ ఫైల్లో జెడ్ కొడితే పక్క ఫైల్లో చేసిన మార్పు వెనక్కి పోవచ్చు. అందుకని జెడ్ కొట్టినప్పుడు ఏ ఫైలు ముందుకు వచ్చిందో చూసుకోవాలి.

పాత సిస్టముల్లో నోట్‌ప్యాడ్ ఒక్క మెట్టు మాత్రమే వెనక్కి వెళ్లేది. 2018లో వచ్చిన విండోస్ 10 అప్‌డేట్‌తో ఆ ఇబ్బంది తీరింది. డీటీపీ వాళ్లు ఇప్పటికీ వాడే పేజ్‌మేకర్‌లో కూడా ఒక్క మెట్టే. అందులో ఫైల్ మెనూలోని రివర్ట్ నొక్కితే చివరిసారి సేవ్ చేసిన దగ్గరికి వెళ్తారు. మధ్యలో చేసిన మంచి పని కూడా పోతుందని తెలిసే నొక్కండి.

ఫోన్‌లో కంట్రోల్ కీ లేదు కదా. అక్కడ చెరిగిపోతే?

ఐఫోన్‌లో తెర మీద మూడు వేళ్లు పెట్టి ఎడమవైపు జరపండి. లేదా ఫోన్‌ను ఒకసారి ఊపితే అన్‌డూ కావాలా అని అడుగుతుంది. ఆండ్రాయిడ్‌లో అన్ని యాప్‌లకూ పనికొచ్చే ఒకే దారి లేదు. గూగుల్ డాక్స్, కీప్ లాంటి వాటిలో ఎడమవైపు వంపు తిరిగిన బాణం గుర్తు ఉంటుంది, అదే అన్‌డూ. పెద్ద మెసేజ్ రాయాలంటే అలాంటి నోట్స్ యాప్‌లో రాసుకుని, కాపీ చేసి వాట్సాప్‌లో పేస్ట్ చేయడం మంచిది.

తెలుగులో ఒక్క గుణింతం తప్పు పడింది. బ్యాక్‌స్పేస్ కొడితే సగం అక్షరం పోతోంది, డిలీట్ కొడితే మొత్తం పోతోంది. ఎందుకిలా?

మన కంటికి ఒకటే అక్షరంగా కనిపించేది కంప్యూటర్ లోపల ముక్కలుగా ఉంటుంది. 'లక్ష్మి' అనే మాటలో 'క్ష్మి' తీసుకోండి. అది క, పొల్లు, ష, పొల్లు, మ, గుడి అని ఆరు ముక్కలు. బ్యాక్‌స్పేస్ చివరి నుంచి ఒక్కో ముక్కనే తీస్తుంది. ఒకసారి కొడితే 'లక్ష్మ', ఇంకోసారి కొడితే 'లక్ష్', మూడోసారికి 'లక్ష' మిగులుతాయి. డిలీట్ కీ మాత్రం చాలా ప్రోగ్రాముల్లో ముందున్న అక్షరం మొత్తాన్నీ ఒకేసారి లేపేస్తుంది.

దీన్ని తెలుసుకుంటే ఎంతో పని తగ్గుతుంది. గుడి బదులు గుడిదీర్ఘం కావాలంటే మాట మొత్తం చెరిపి మళ్లీ కొట్టేవాళ్లను రోజూ చూస్తుంటాను. అవసరం లేదు. కర్సర్‌ను ఆ అక్షరం తర్వాత పెట్టి, ఒక్క బ్యాక్‌స్పేస్ కొట్టి, సరైన గుణింతం ఇస్తే చాలు. ఒత్తు తప్పయితే రెండు మూడు సార్లు కొట్టాలి, అంతే.

నేను కొట్టిన మాటను వర్డ్ తనంతట తానే మార్చేస్తోంది.

మార్చిన వెంటనే కంట్రోల్ + జెడ్ ఒక్కసారి కొట్టండి. అది చేసిన మార్పు మాత్రమే పోయి, మీరు కొట్టింది ఉంటుంది.

కంప్యూటర్ తెర తలకిందులైపోయింది!

సెట్టింగ్స్‌లో సిస్టమ్, అందులో డిస్‌ప్లే, అందులో డిస్‌ప్లే ఓరియంటేషన్ దగ్గర ల్యాండ్‌స్కేప్ ఎంచుకోండి. కొన్ని సిస్టముల్లో కంట్రోల్ + ఆల్ట్ + పై బాణం కొట్టినా సరిపోతుంది.

అమ్మ ఫోన్ ఉన్నట్టుండి మాట్లాడుతోంది. ఏది ముట్టుకున్నా పేరు చదువుతోంది కానీ తెరుచుకోవట్లేదు. వైరస్సా?

వైరస్ కాదు. చూపు లేనివాళ్ల కోసం ఆండ్రాయిడ్‌లో ఉన్న టాక్‌బ్యాక్ అనే సదుపాయం పొరపాటున ఆన్ అయింది. శబ్దం పెంచే, తగ్గించే బటన్లు రెండింటినీ కలిపి 3 సెకన్లు నొక్కి పట్టుకోమనండి. చాలా ఫోన్లలో మామూలుగా అది ఆన్ అయ్యేది కూడా ఇలాగే, ఫోన్‌ను గట్టిగా పట్టుకున్నప్పుడు.

అలా పోకపోతే సెట్టింగ్స్‌లోకి వెళ్లి ఆపాలి. టాక్‌బ్యాక్ ఉన్నంతసేపూ ఫోన్ వాడే పద్ధతి వేరు: ఒకసారి ముట్టుకుంటే చదువుతుంది, తర్వాత గబగబా రెండుసార్లు తడితే తెరుచుకుంటుంది, పైకీ కిందకీ జరపాలంటే రెండు వేళ్లు వాడాలి. ఊళ్లో ఉన్న అమ్మానాన్నలకు ఫోన్‌లో ఈ మూడు ముక్కలూ నిదానంగా చెప్పండి. దీనికోసం బస్సెక్కి పట్నం వచ్చినవాళ్లు కూడా నాకు తెలుసు.

## సేవ్ చేశాక, మూసేశాక

తప్పు చేసి సేవ్ కూడా కొట్టేశాను. ఇక పోయినట్టేనా?

ఫైలు ఇంకా మూయలేదు కదా? వర్డ్, ఎక్సెల్‌లో సేవ్ చేశాక కూడా కంట్రోల్ + జెడ్ పని చేస్తుంది. వెనక్కి వెళ్లి మళ్లీ సేవ్ చేయండి.

మూసేటప్పుడు సేవ్ చేయాలా అని అడిగితే కంగారులో వద్దని నొక్కాను. రెండు గంటల పని.

వర్డ్ మామూలుగా 10 నిమిషాలకోసారి తనకోసం ఒక కాపీ దాచుకుంటుంది. వర్డ్ తెరిచి ఫైల్, ఇన్ఫో, మేనేజ్ డాక్యుమెంట్, అందులో రికవర్ అన్‌సేవ్డ్ డాక్యుమెంట్స్ నొక్కండి. దొరికితే వెంటనే వేరే పేరుతో సేవ్ చేయండి, ఎందుకంటే ఆ కాపీని వర్డ్ శాశ్వతంగా ఉంచదు. కరెంటు పోయి సిస్టమ్ ఆగిపోయినప్పుడైతే వర్డ్ మళ్లీ తెరవగానే పక్కన డాక్యుమెంట్ రికవరీ అని తానే చూపిస్తుంది. అక్కడ తొందరపడి క్లోజ్ నొక్కకండి.

పాత లెటర్ తెరిచి, దాని మీదే కొత్తది టైపు చేసి సేవ్ చేశాను. పాతది కావాలి.

షాపుల్లో, ఆఫీసుల్లో అన్నిటికన్నా ఎక్కువగా జరిగే పొరపాటు ఇదే. ఫైలు వన్‌డ్రైవ్‌లో (మైక్రోసాఫ్ట్ ఆన్‌లైన్ నిల్వ) ఉంటే దాని మీద రైట్ క్లిక్ చేసి వెర్షన్ హిస్టరీ చూడండి. గూగుల్ డాక్స్ అయితే ఫైల్ మెనూలో వెర్షన్ హిస్టరీ ఉంటుంది, తేదీల వారీగా పాతవి కనిపిస్తాయి. సిస్టమ్‌లోనే ఉన్న ఫైలయితే రైట్ క్లిక్, ప్రాపర్టీస్, ప్రీవియస్ వెర్షన్స్ చూడండి. ఫైల్ హిస్టరీ అనే విండోస్ బ్యాకప్ సదుపాయం ముందే ఆన్ చేసి ఉంటేనే అక్కడ ఏమైనా దొరుకుతుంది.

అవేవీ లేకపోతే ఒక్కసారి ఆలోచించండి, ఆ పాత లెటర్ ఎవరికైనా పంపారా? మెయిల్‌లో సెంట్ ఫోల్డర్, వాట్సాప్‌లో పంపిన డాక్యుమెంట్లు, ప్రింటు కోసం పెన్ డ్రైవ్‌లో తీసుకెళ్లిన కాపీ. నా దగ్గరికి వచ్చినవాళ్లలో చాలామందికి ఇలాగే దొరికింది. ఇక నుంచి పాత ఫైలు తెరవగానే ఒక్క అక్షరం కొట్టకముందే ఎఫ్12 నొక్కి కొత్త పేరు పెట్టేయండి.

ఎక్సెల్‌లో సర్వే నంబర్ 12/3 అని కొడితే 12 మార్చి అయిపోతోంది. వెనక్కి మార్చడం కుదరదా?

కుదురుతుంది కానీ అందరూ చేసేలా కాదు. తేదీ అయిపోయిన గడిని టెక్స్ట్‌గా మారిస్తే 12/3 రాదు, 45728 లాంటి ఐదంకెల సంఖ్య వస్తుంది. ఎక్సెల్ తేదీని లోపల రోజుల లెక్కగా దాచుకుంటుంది, అది 2025 మార్చి 12కి లెక్క. అప్పుడు జనం ఇంకా భయపడతారు.

ముందు కంట్రోల్ + జెడ్‌తో ఆ టెక్స్ట్ మార్పు వెనక్కి తీసుకోండి. గళ్లను సెలెక్ట్ చేసి ఫార్మాట్ సెల్స్‌లో కస్టమ్ దగ్గర డి/ఎం అని ఇంగ్లీషు అక్షరాల్లో ఇస్తే రోజు, నెల మాత్రం కనిపిస్తాయి, అంటే 12/3. చూపు మారింది కానీ లోపల ఇంకా తేదీయే ఉంది, గుర్తుంచుకోండి. కొద్ది గళ్లే అయితే కాలమ్‌ను టెక్స్ట్‌గా మార్చి, పాస్‌పుస్తకం దగ్గర పెట్టుకుని మళ్లీ కొట్టడమే నమ్మకమైన దారి. కొత్తగా మొదలుపెట్టేటప్పుడు నంబర్లు కొట్టకముందే ఆ కాలమ్‌ను టెక్స్ట్ చేసేయాలి. ఒకటి రెండైతే ముందు ఒక అపాస్ట్రఫీ కొట్టి నంబర్ కొట్టినా చాలు.

ఇది మన భూమి లెక్కలకే పరిమితమైన తలనొప్పి కాదు. శాస్త్రవేత్తలు మార్చ్1, సెప్ట్1 అని పేర్లు పెట్టుకున్న జన్యువులను ఎక్సెల్ తేదీలు చేసేస్తుంటే, 2020లో జన్యువుల పేర్లు ఖరారు చేసే కమిటీ ఆ పేర్లనే మార్చింది.

ఇంతకన్నా ప్రమాదమైనది పొడవైన నంబర్లతో వస్తుంది. ఎక్సెల్ ఒక సంఖ్యలో 15 అంకెల వరకే నిలుపుకుంటుంది. 16 అంకెల అకౌంట్ నంబర్ కొడితే చివరి అంకె సున్నా అయిపోతుంది, ఆ అంకెను ఏ అన్‌డూ తర్వాత చెప్పలేదు. 12 అంకెల ఆధార్ నంబర్ వింతగా, మధ్యలో చుక్కతో, ఇ అక్షరంతో కనిపించినా లోపల భద్రంగానే ఉంటుంది.

ఫైలు తెరిస్తే తెలుగు బదులు చెత్త అక్షరాలు వస్తున్నాయి. తిరిగి తెలుగు అవుతుందా?

ఏ రకం చెత్తో చూడాలి. దాన్ని బట్టే జవాబు.

తల మీద గీతలు, చుక్కలు ఉన్న ఇంగ్లీషు అక్షరాలు కనిపిస్తే మ్యాటర్ భద్రంగా ఉంది, తెరిచిన పద్ధతి తప్పు. సేవ్ చేయకుండా మూసేయండి. ఎక్సెల్ ఖాళీగా తెరిచి డేటా మెనూలో ఫ్రమ్ టెక్స్ట్ ద్వారా ఆ ఫైలును తెచ్చి, యూటీఎఫ్-8 (తెలుగును కూడా దాచగలిగే అక్షరాల పద్ధతి) ఎంచుకోండి. తెలుగు వచ్చేస్తుంది.

ఖాళీ డబ్బాలు కనిపిస్తే అక్కడ తెలుగు ఫాంట్ లేదని అర్థం. మ్యాటర్‌కు ఏమీ కాలేదు.

అను లాంటి పాత ఫాంట్లలో టైపు చేసిన మ్యాటర్‌కు ఎవరైనా ఫాంట్ మారిస్తే పిచ్చి గుర్తులు వస్తాయి. సెలెక్ట్ చేసి మళ్లీ అదే ఫాంట్ పెడితే సరిపోతుంది. ఆ ఫాంట్ల లోపల ఉన్నది నిజానికి ఇంగ్లీషు అక్షరాల స్థానాలే, తెలుగు అన్నది పైన వేసిన బొమ్మ.

అన్నీ వరసగా ప్రశ్నార్థకాలే ఉంటే మాత్రం చెప్పడానికి బాధగా ఉంటుంది. తెలుగును దాచలేని పద్ధతిలో సేవ్ చేశారు, ప్రతి అక్షరం స్థానంలో నిజంగానే ప్రశ్నార్థకం చేరింది. ఫైలు ఇంకా మూయకపోతే వెంటనే మామూలు ఎక్సెల్ ఫైలుగా సేవ్ చేయండి. మూసేసి ఉంటే ఆ ఫైల్లో తెలుగు లేదు, పాత కాపీ వెతకాలి. సీఎస్‌వీగా (కామాలతో విడదీసిన సాదా టెక్స్ట్ ఫైలుగా) సేవ్ చేయాల్సి వచ్చినప్పుడల్లా జాబితాలో యూటీఎఫ్-8 అని రాసి ఉన్న సీఎస్‌వీనే ఎంచుకోండి.

## డిలీట్ అయ్యాక

ఫైలు డిలీట్ అయింది, రీసైకిల్ బిన్‌లోనూ లేదు.

ముందు పేరుతో వెతకండి. డిలీట్ అయిందనుకున్న ఫైళ్లలో చాలా వరకు మౌస్ జారి పక్క ఫోల్డర్లో పడి ఉంటాయి. అదే నిమిషంలో గమనిస్తే ఫోల్డర్ తెరిచి ఉండగా కంట్రోల్ + జెడ్ కొట్టండి, ఫైలు జరిపినా, పేరు మార్చినా, డిలీట్ చేసినా వెనక్కి వస్తుంది. షిఫ్ట్ నొక్కి డిలీట్ చేసినవి, పెన్ డ్రైవ్ నుంచి తీసేసినవి మాత్రం రీసైకిల్ బిన్‌కు వెళ్లవు. వన్‌డ్రైవ్‌లోని ఫైలయితే దాని వెబ్‌సైట్‌లో వేరే రీసైకిల్ బిన్ ఉంటుంది, సొంత అకౌంట్‌కు 30 రోజులు. గూగుల్ డ్రైవ్ ట్రాష్‌లోనూ 30 రోజులే.

మెమరీ కార్డులో పెళ్లి ఫోటోలు పోయాయి. తిరిగి తేగలమా?

కార్డును కెమెరాలోంచి ఇప్పుడే తీసేయండి. ఇంకో ఫోటో తీయొద్దు, ఫార్మాట్ చేయమని అడిగితే ఒప్పుకోవద్దు. డిలీట్ చేసినప్పుడు ఫోటో అక్కడే ఉంటుంది, ఆ చోటు ఖాళీ అని మాత్రమే రాసుకుంటుంది. కొత్త ఫోటో వచ్చి ఆ చోట కూర్చున్నాకే పాతది నిజంగా పోతుంది.

కార్డును కంప్యూటర్‌కు పెట్టి రెకువా గానీ ఫోటోరెక్ గానీ అనే రికవరీ ప్రోగ్రాము నడపండి. రెండూ ఉచితంగా దొరుకుతాయి. దొరికిన ఫోటోలను అదే కార్డులోకి కాకుండా కంప్యూటర్‌లోకి దించుకోండి. ఫైళ్ల పేర్లు మారిపోయి వస్తాయి, కొన్ని సగం బొమ్మతో వస్తాయి, అయినా చాలా దొరుకుతాయి.

ఈ ధీమా కొత్త ల్యాప్‌టాప్‌ల్లో హార్డ్ డిస్క్ బదులు ఉండే ఎస్‌ఎస్‌డీల విషయంలో పనికిరాదు. డిలీట్ చేసిన చోటును అవి కాసేపట్లోనే లోపల శుభ్రం చేసేసుకుంటాయి.

ఫోన్‌లో ఫోటోలు డిలీట్ చేశాను. రికవరీ యాప్ వేసుకోనా?

ముందు ట్రాష్ చూడండి. గూగుల్ ఫోటోస్‌లో బ్యాకప్ అయినవి 60 రోజులు ఉంటాయి, బ్యాకప్ కానివి 30 రోజులు. ఐఫోన్‌లో రీసెంట్లీ డిలీటెడ్ ఆల్బమ్‌లో 30 రోజులు. వాట్సాప్‌లో వచ్చిన ఫోటో అయితే పంపినవాళ్లను మళ్లీ అడగడం అన్నిటికన్నా సులువు.

రికవరీ యాప్‌ల జోలికి వెళ్లొద్దనే నా సలహా. ఇప్పటి ఫోన్లలో డేటా ఎన్‌క్రిప్ట్ అయి, అంటే తాళం వేసినట్టు రహస్య రూపంలో ఉంటుంది, ట్రాష్‌లోంచి కూడా పోయిన ఫోటోను మామూలు యాప్ బయటికి తీయలేదు. అవి ఫోన్‌లో మిగిలిన చిన్న సైజు నకళ్లను చూపించి డబ్బు అడుగుతాయి, పైగా మీ ఫోన్ మొత్తం చూసే అనుమతి తీసుకుంటాయి.

కాంటాక్టులన్నీ పోయాయి, ఒక్క నంబరూ లేదు.

నంబర్లు గూగుల్ అకౌంట్‌లో ఉంటే, కంప్యూటర్‌లో గూగుల్ కాంటాక్ట్స్ తెరిచి సెట్టింగ్స్ గుర్తు దగ్గర అన్‌డూ ఛేంజెస్ నొక్కండి. పది నిమిషాల కిందట, నిన్న, వారం కిందట అని అడుగుతుంది. 30 రోజుల్లోపు ఏ రోజు జాబితాకైనా వెళ్లొచ్చు. ఆ రోజు తర్వాత చేర్చిన కొత్త నంబర్లు పోతాయి, వాటిని ముందు కాగితం మీద రాసుకోండి.

## పంపేశాక

వాట్సాప్‌లో వేరే గ్రూపులో మెసేజ్ పెట్టేశాను. తీసేయొచ్చా?

మెసేజ్ మీద నొక్కి పట్టి, డిలీట్ ఫర్ ఎవ్రీవన్ ఎంచుకోండి. 2022 ఆగస్టు నుంచి దీనికి రెండు రోజుల పైన, అంటే దాదాపు 60 గంటల గడువు ఉంది. మెసేజ్ తీసేశారన్న గుర్తు మాత్రం అక్కడ మిగులుతుంది. ఈలోపు ఎవరైనా చూసి ఉండొచ్చు, ఐఫోన్ వాడేవాళ్ల ఫోటోల్లో మీరు పంపిన బొమ్మ సేవ్ అయి ఉండొచ్చు.

కంగారులో డిలీట్ ఫర్ మీ నొక్కారా? అప్పుడు మీకు ఒక్కరికే కనబడదు, గ్రూపులో అందరికీ కనబడుతూనే ఉంటుంది. కింద అన్‌డూ అని 5 సెకన్లు వస్తుంది, వెంటనే నొక్కండి. ఒక్క మాటే తప్పయితే 15 నిమిషాల్లోపు ఎడిట్ చేసుకోవచ్చు, తీసేయాల్సిన పని లేదు.

జీమెయిల్‌లో అటాచ్‌మెంట్ పెట్టకుండా పంపేశాను.

కింద అన్‌డూ కనిపిస్తున్నంతసేపే అవకాశం. జీమెయిల్ నిజానికి పంపిన మెయిల్‌ను వెనక్కి తేవట్లేదు, పంపకుండా కొన్ని సెకన్లు ఆపి ఉంచుతోంది. మామూలుగా 5 సెకన్లే. కంప్యూటర్‌లో జీమెయిల్ సెట్టింగ్స్, జనరల్‌లో అన్‌డూ సెండ్ దగ్గర దాన్ని 30 చేసుకోండి.

యూపీఐలో వేరేవాళ్లకు డబ్బు వెళ్లిపోయింది. క్యాన్సిల్ ఎలా?

క్యాన్సిల్ లేదు, ఈ మాట సూటిగానే చెప్పాలి. యాప్‌లో ఆ లావాదేవీ తెరిచి ఫిర్యాదు పెట్టండి, 12 అంకెల యూపీఐ రిఫరెన్స్ నంబర్ రాసుకుని మీ బ్యాంకుకు రాతపూర్వకంగా ఇవ్వండి. అవతలివాళ్లు తెలిసినవాళ్లయితే మర్యాదగా అడిగితే చాలాసార్లు తిరిగి వేస్తారు. మోసం అయితే ఒక్క నిమిషం కూడా ఆగకుండా సైబర్ మోసాల హెల్ప్‌లైన్ 1930కి ఫోన్ చేయండి. ఆ డబ్బు ఇంకా ఎవరూ తీయకముందే ఆపగలిగితేనే ఫలితం ఉంటుంది.

ఎవరైనా ఫోన్ చేసి మీకు పొరపాటున డబ్బు పంపామని, తిరిగి వేయమని తొందరపెడితే ఎస్ఎంఎస్ నమ్మకండి. యాప్‌లో బ్యాలెన్స్ మీరే చూడండి. నిజంగా వచ్చి ఉంటే బ్యాంకు ద్వారా రమ్మనండి.

## మొదలుపెట్టడానికే భయపడేవాళ్ల కోసం

నాన్నగారు ఏదైనా నొక్కితే పాడైపోతుందని ఫోన్ ముట్టుకోరు. ఎలా నేర్పాలి?

వాడడం నేర్పేముందు వెనక్కి రావడం నేర్పండి. కీప్ యాప్‌లో ఒక ఖాళీ నోట్ తెరిచి ఆయన పేరు ఆయన చేతే కొట్టించండి. తర్వాత మీరే ఆయన ముందు చెరిపేయండి. వంపు బాణం చూపించి ఆయన చేతే నొక్కించండి. పేరు తిరిగి వస్తుంది. తర్వాత ఒక ఫోటో డిలీట్ చేసి, ట్రాష్‌లోంచి ఆయన చేతే వెనక్కి తెప్పించండి. నాలుగైదు రోజులు, రోజుకోసారి చేయించండి. బ్యాంకు యాప్‌లు మాత్రం ఈ ఆటలోకి తేవొద్దు. వాటిలో పేరు, మొత్తం రెండుసార్లు చదివాకే పిన్ కొట్టాలని విడిగా చెప్పండి.